రెట్ట విరిగితే వేళ్లు చూడాలి

(కర్నూలులో బడి వ్యాయామ ఉపాధ్యాయుల కోసం జరిగిన ప్రథమ చికిత్స తరగతిలో ఒక ఎముకల డాక్టరు మాట్లాడిన మాటలివి. ఆ రోజు రాలేకపోయినవారి కోసం రికార్డింగు విని రాశాం.)

అందరికీ నమస్కారం. వెనక వరసల్లో ఉన్న సార్లు, మేడమ్‌లు కాస్త ముందుకు రండి. నా గొంతుకు మైకు ఉంది గానీ నా చేతిలో ఉన్నదానికి లేదు. దగ్గరికొస్తే గానీ కనిపించదు.

ఇదేంటో చెప్పండి చూద్దాం. తొడ ఎముక అన్నారెవరో. కాదండీ, తొడ ఎముక దీనికన్నా చాలా పెద్దది. ఇది చేతిది. భుజం దగ్గర మొదలై మోచేతి దగ్గర ఆగిపోతుంది. దాదాపు అడుగు పొడవు, మీ పిల్లల స్కేలంత. నేను ఎంబీబీఎస్ మొదటి సంవత్సరంలో సీనియర్ల దగ్గర కొనుక్కున్న బోన్ సెట్‌లోది ఇది. ప్లాస్టిక్ కాదు, అసలుదే. ఎవరిదో నాకు తెలియదు. సంచిలోంచి తీసిన ప్రతిసారీ మనసులో ఒక నమస్కారం పెట్టుకుంటాను. మీరూ పెట్టుకోండి.

పుస్తకాల్లో దీని పేరు భుజాస్థి. డాక్టర్లం హ్యూమరస్ అంటాం. మన వైపు రెట్ట ఎముక. అదుగో, నవ్వుతున్నారు. కాకి రెట్ట కాదు స్వామీ! రెట్ట పట్టుకుని ఈడ్చుకొచ్చినాడు అంటాం కదా, ఆ రెట్ట. కొన్నిచోట్ల జబ్బ అంటారు, దండ అంటారు. దండకడియం పెట్టుకునే చోటు, తాయెత్తు కట్టే చోటు. ఆ తాయెత్తు సంగతి గుర్తుపెట్టుకోండి, దాంతో పనుంది. రెక్కాడితే గానీ డొక్కాడదు అంటామే, ఆ రెక్కకు దూలం ఈ ఎముకే.

ఈరోజు మీరు నేను చెప్పినదంతా మరిచిపోయినా ఫర్వాలేదు, ఒక్క మాట గుర్తుంటే చాలు. పిల్లోడు కింద పడి రెట్ట విరిగితే అందరూ వాచిన చోట చూస్తారు. మీరు వేళ్లు చూడండి. మళ్లీ చెబుతున్నా, వేళ్లు చూడండి. ఎందుకంటే ఎముక అతుక్కుంటుంది. ఇది ఓర్పు ఉన్న ఎముక. పెద్దవాళ్లలో నడుమ విరిగి కొంచెం వంకరగా అతుక్కున్నా, ఒకటి రెండు సెంటీమీటర్లు పొట్టిదైనా, ఆ చెయ్యి ముద్ద కలిపి నోట్లో పెడుతుంది, బిందె ఎత్తుతుంది. కాలు పొట్టిదైతే కుంటుతాం. చెయ్యి పొట్టిదైతే చొక్కా కుట్టే టైలర్‌కు తప్ప ఎవరికీ తెలియదు. కానీ ఈ ఎముకను ఆనుకుని నరాలు పోతున్నాయి, ఒక పెద్ద రక్తనాళం పోతోంది. వాటికి ఎముకకున్నంత ఓర్పు లేదు. వాటి మంచిచెడ్డలు తెలిసేది కింద, వేళ్ల దగ్గర.

ఇక్కడ మన భాషతో ఒక చిక్కుంది. మనకు అన్నీ నరాలే. సెలైన్ ఎక్కించేదీ నరమే, ముసలాయన చేతి మీద ఉబ్బి కనిపించేదీ నరమే. అవి రక్తనాళాలు. నేను ఈరోజు నరం అన్నానంటే మెదడుకూ చేతికీ మధ్య కబుర్లు మోసే తీగ అని. నెత్తురు పారే గొట్టాన్ని రక్తనాళం అనే అంటాను. సరేనా?

ఇప్పుడు పైకొన చూడండి. నున్నగా గుండ్రంగా ఉంది కదా. పెద్ద గోళీలో మూడో వంతు కోసి అతికించినట్టు. ఇది వీపు పైభాగాన ఉండే రెక్క ఎముక మీద ఉన్న ఒక గుంటకు ఆనుకుంటుంది. గుంట అన్నాను గానీ దానికి లోతే లేదు, టీ సాసరంత. తుంటి కీలులో బంతి లోతుగా గిన్నెలో దిగి ఉంటుంది. భుజంలో సాసరు మీద నిమ్మకాయ పెట్టినట్టు ఉంటుంది. అందుకే చేతిని వీపు గోక్కోవడానికీ తిప్పగలం, తల దువ్వుకోవడానికీ తిప్పగలం. ఒంట్లో ఉన్న పెద్ద కీళ్లలో అన్నిటికన్నా ఎక్కువగా జారేది కూడా ఇదే. నిమ్మకాయ దొర్లిపోకుండా నాలుగు కండరాలు చుట్టూ పట్టుకుని ఉంటాయి. రోటేటర్ కఫ్ అంటారు, క్రికెట్ చూసేవాళ్లు ఈ పేరు వినే ఉంటారు.

బంతి కింద సన్నగా ఉన్నదాన్ని మెడ అంటాం. దీనికి రెండు మెడలు. బంతికి ఆనుకుని ఉన్నది అసలు మెడ. ఇంకొంచెం కింద, ఇదిగో ఇక్కడున్నదాన్ని సర్జికల్ నెక్ అంటారు. ఎందుకు ఆ పేరు? విరిగేది ఎక్కువగా ఇక్కడే గనుక, సర్జన్ దగ్గరికి తెచ్చేది ఈ మెడే గనుక. మొదటి నరం ఈ మెడను వెనకనుంచి చుట్టుకుని పోతుంది. ఆక్సిలరీ నరం. చెయ్యి పక్కకు ఎత్తే భుజం కండకు కబురు తెచ్చేది ఇదే. భుజం జారినా ఈ మెడ విరిగినా ఈ నరం నలిగిందేమో చూడాలి. ఎట్లా? చిన్నప్పుడు వేసిన టీకా మచ్చ ఉంటుందే, ఆ చుట్టుపక్కల, కొంచెం పైగా వేలితో మెల్లిగా తాకండి. రెండు చేతుల్లోనూ తాకి, ఒకేలా తెలుస్తోందా అని అడగండి. ఒకవైపు మొద్దుబారినట్టుంది అంటే చీటీ మీద రాసి డాక్టరుకు పంపండి.

నడుమకు వద్దాం. వెనకవైపు తిప్పుతున్నాను. ఏటవాలుగా ఒక గాడి ఉంది, చూశారా? వేలు పెడితే తెలుస్తుంది, ఇటు పంపిస్తాను, ఒకరి తర్వాత ఒకరు తాకి చూడండి. నాగలి సాలు మరీ లోతుగా దిగకుండా పోయినట్టుంటుంది. రెండో నరం ఈ సాలు వెంట పోతుంది. రేడియల్ నరం. మణికట్టును పైకి ఎత్తేది, వేళ్లను చాపేది ఇది. రెట్ట నడుమ విరిగినవాళ్లలో సుమారు పదిమందిలో ఒకరికి ఈ నరం దెబ్బతిని మణికట్టు వాలిపోతుంది. చెయ్యి చాపమంటే తోటకూర కాడలా వేలాడుతుంది.

ఎముక విరగకుండానే ఇది జరగొచ్చు. హైదరాబాదు నైట్ బస్సు ఎక్కుతారు. పక్క సీటు వెనక్కి చెయ్యి వేసి, ఆ రాడ్డు మీద రెట్ట ఆనించి నిద్రపోతారు. కొందరికి బస్సెక్కే ముందు ఇంకో కార్యక్రమం కూడా ఉంటుంది, దాంతో నిద్ర మరీ గాఢంగా పడుతుంది. పొద్దున లేస్తే మణికట్టు లేవదు. పక్షవాతం వచ్చిందని ఇంటిల్లిపాదీ ఏడుపు. నోరు వంకర పోలేదు, కాలు బాగుంది, మాట బాగుంది, మణికట్టు మాత్రమే లేవడం లేదు. డాక్టరు చూసి నరం నలిగిందని తేలిస్తే చాలావరకు కొన్ని వారాల్లో అదే వస్తుంది. ఎముక విరిగి నలిగినప్పుడు కూడా ఎక్కువమందికి కొన్ని నెలల్లో తిరిగొస్తుంది. కాకపోతే అంతవరకు మణికట్టు బిగుసుకోకుండా పట్టీ వేసుకోవాలి, వేళ్లు రెండో చేత్తో కదిలిస్తుండాలి.

ఇంకో విషయం, పీఈటీ సార్లకు ముఖ్యంగా. బల్ల మీద మోచేతులు ఆనించి ఒకరి చెయ్యి ఒకరు పడగొట్టే ఆట ఆడతారు కదా మన కుర్రాళ్లు. అందులో రెట్ట ఎముక విరుగుతుంది. నమ్మరు! ఎవరూ కొట్టలేదు, ఎక్కడినుంచీ పడలేదు. భుజం ఒకవైపు మెలితిప్పుతుంది, ముంజెయ్యి అవతలివైపు మెలిపడుతుంది, తడిబట్ట పిండినట్టు. టప్ మని చప్పుడొస్తుంది, కింది సగంలో ఎముక మెలికగా చీలిపోతుంది. చీలేది ఆ రేడియల్ నరం పోయే చోటికి దగ్గరే. కాబట్టి చప్పుడు విన్నాక ముందు ఏం చూడాలి? ఆ, వేళ్లు, మణికట్టు. బొటనవేలు పైకెత్తమనండి.

కిందికొన చూద్దాం. పైన గుండ్రంగా ఉన్న ఎముక కిందికొచ్చేసరికి తెడ్డులా వెడల్పయింది. అటొక బుడిపె, ఇటొక బుడిపె. లోపలివైపు బుడిపె వెనక మూడో నరం, అల్నార్. బెంచీ అంచు మోచేతికి తగిలితే చిటికెన వేలిదాకా కరెంటు పాకినట్టు జివ్వుమంటుంది కదా, అది ఎముకకు తగిలిన దెబ్బ కాదు, ఈ నరానికి తగిలినది. చర్మం కింద ఎముక మీద ఏ దిండూ లేకుండా పడుకుని ఉంటుంది పాపం.

ఇక ఈ రెండు బుడిపెల నడుమ చూడండి. ముందొక గుంట, వెనకొక గుంట. చెయ్యి మడిచినప్పుడు, చాపినప్పుడు ముంజేతి ఎముక, అదే మీరు బడిలో అరత్ని అని చదువుకున్నది, దాని కొనలు వచ్చి కూర్చునే గుంటలు. రెంటి మధ్య మిగిలినది ఎంత మందమో తెలుసా? ఆ ట్యూబ్‌లైటుకు ఎదురుగా పెడుతున్నా. వెలుతురు తెలుస్తోంది చూడండి. కాగితమంత పలచన. కొందరిలో అక్కడ ఏకంగా చిల్లే ఉంటుంది, అదేం జబ్బు కాదు. ఇంత పలచన చోటు పెద్దవాళ్లలోనే ఇట్లా ఉంటే, ఆరేళ్ల పిల్లోడిలో ఎట్లా ఉంటుంది? అసలు నేను మీ దగ్గరికి వచ్చింది దీన్ని గురించి చెప్పడానికే.

మోచేతి పైన విరిగే పిల్లలు

అయిదు నుంచి ఏడెనిమిదేళ్ల పిల్లలు. చింతచెట్టు, మామిడిచెట్టు, బడి గోడ, జారుడుబల్ల. పడబోతూ చెయ్యి చాపి నేలకు ఆనిస్తారు. ఎవరమైనా అంతే చేస్తాం. ఆ వయసులో మోచెయ్యి కొంచెం వెనక్కి కూడా వంగుతుంది. ఒంటి బరువంతా వచ్చి ఆ పలచని చోట పడుతుంది, మోచేతికి కాస్త పైన విరుగుతుంది. పిల్లల్లో మోచేతి దగ్గర విరిగేవాటిలో ఇదే ఎక్కువ. విరిగి కింది ముక్క వెనక్కి పోతుంది, పై ముక్క తాలూకు పదునైన అంచు ముందుకు పొడుచుకొస్తుంది. ముందు ఏముంది? నేను ఇందాక చెప్పిన రక్తనాళం. చేతికంతటికీ నెత్తురు పోయే దారి అదొక్కటే అనుకోండి. దాని పక్కనే నాలుగో నరం, మీడియన్. ఇందాక మూడే చెప్పాను, నాలుగోది దీనికోసమే దాచాను.

ఆ అంచు రక్తనాళాన్ని ముడిచిందా, నొక్కిందా, లేక ఏమీ చేయలేదా? వాచిన మోచెయ్యి చూస్తే తెలియదు. వేళ్లే చెప్పాలి. గోరు నొక్కి వదలండి. తెల్లబడి మళ్లీ గులాబీ రంగు రావాలి, ఒకటి రెండు అనేలోపల. వేళ్లు వెచ్చగా ఉన్నాయా? రెండో చేతి వేళ్లతో పోల్చి చూడండి. తర్వాత పిల్లోడితో నాలుగు ఆటలు ఆడించండి, ఏడుస్తున్నా ఆడతారు. పిడికిలి పట్టు నాయనా. బొటనవేలు పైకెత్తు, సూపర్ అన్నట్టు. వేళ్లన్నీ విప్పి దూరం జరుపు. బొటనవేలూ చూపుడువేలూ కొనలు కలిపి సున్నా చుట్టు. ఈ సున్నా చుట్టడం రాలేదంటే మీడియన్ నరంలో ఒక పాయ నలిగినట్టు. ఎక్స్‌రే లేదు, డాక్టరు లేడు, గ్రౌండులో నిలబడి అర నిమిషంలో వేళ్లదాకా పోయే మూడు నరాలూ చూసేశారు మీరు. మా జూనియర్ డాక్టర్లు కొందరు ఇది చేయరు, నేను తిడుతుంటాను.

ఇప్పుడు ఒక పిల్లోడి సంగతి చెప్పాలి. ఊరు చెప్పను, పేరు చెప్పను. అనంతపురం వైపు. ఏడేళ్లు. చింతచిగురు కోసం కొమ్మెక్కి పడినాడు. సాయంత్రం దగ్గర్లో ఒకచోట కట్టు కట్టించారు. వెదురుబద్దలు పెట్టి బిగించి కట్టారు. రాత్రంతా పిల్లోడు ఒకటే ఏడుపు. వాళ్లమ్మ కట్టు ఇప్పుదామంది. ఇంట్లో పెద్దాయన, “విరిగినాక నొప్పి ఉండదామ్మా, ఓర్చుకోవల్ల. ఇప్పితే ఎముక పక్కకు పోతాది” అన్నాడు. పెద్దాయన చెడ్డవాడేం కాదు, మనవడి మీద ప్రేమతోనే అన్నాడు. రెండో రోజు మధ్యాహ్నానికి ఏడుపు తగ్గింది. హమ్మయ్య, నొప్పి తగ్గింది అనుకున్నారు. అది నొప్పి తగ్గడం కాదు. తెలుస్తోందా? నొప్పి చెప్పాల్సిన నరాలు కూడా మూగబోయాయి. నాలుగో రోజు నా దగ్గరికి తెచ్చారు. కట్టు కోసి చూస్తే వేళ్లు చల్లగా, ముంజెయ్యి రాయిలాగా ఉంది.

ముంజేతి కండరాలు గట్టి పొరల అరల్లో ఉంటాయి. ఆ అరలో వాపు పెరిగితే, పైన కట్టు కూడా బిగించి ఉంటే, లోపల ఒత్తిడి పెరిగి నెత్తురు దూరదు. ఆరు గంటలు నెత్తురు అందకపోతే కండ చావడం మొదలవుతుంది. చచ్చిన కండ మళ్లీ కండగా బతకదు, ఎండిన తోలులా ముడుచుకుంటుంది. మణికట్టు వంగిపోయి, వేళ్లు గోళ్లతో గీరుతున్నట్టు ముడుచుకుని అట్లే ఉండిపోతాయి. దీన్ని 1881లో ఫోల్క్‌మన్ అనే జర్మన్ సర్జన్ వివరంగా రాశాడు, మరీ బిగించిన కట్ల వల్లే వస్తోందని. ఆయన పేరుతోనే పిలుస్తాం. ఆ పిల్లోడికి ఆపరేషన్లు చేశాం. ఇప్పుడు పెద్దవాడయ్యాడు. ఎడమ చెయ్యి కావడం వల్ల రాసుకుంటాడు, చదువుకున్నాడు. అన్నం తినేటప్పుడు గ్లాసు ఆ చేత్తో పట్టుకోలేడు. ఎముక మాత్రం చక్కగా అతుక్కుంది. ఎక్స్‌రే చూస్తే ఎవరూ తప్పు పట్టలేరు.

ఇదంతా విని నేను నాటు కట్టును తిడుతున్నాననుకోకండి. ఆస్పత్రిలో వేసిన సిమెంటు కట్టు కూడా ఇదే పని చేయగలదు, చేసింది కూడా. మన రాయలసీమలో పుత్తూరు పేరు తెలియని ఇల్లుందా? తరతరాలుగా కట్లు కడుతున్న కుటుంబాల చేతిలో ఎన్నో ఎముకలు అతుక్కున్నాయి. నేను అనేది బిగింపు గురించి. ఎవరు కట్టినా సరే.

సుశ్రుత సంహితలో విరిగిన ఎముకల చికిత్సకు ఒక అధ్యాయమే ఉంది. మర్రి, మేడి, రావి, వెదురు లాంటివాటి బెరళ్లూ బద్దలూ పెట్టి కట్టమంటాడు. అంతవరకు అందరూ చెబుతారు. ఆ వెంటనే ఏమన్నాడో ఎవరూ చెప్పరు. కట్టు వదులైతే కీలు నిలవదు, మరీ బిగిస్తే వాపు, నొప్పి, చర్మం చీము పట్టడం జరుగుతాయి, అందుకని మధ్యస్థంగా కట్టమన్నాడు. అంతేనా? కట్టు విప్పి మళ్లీ ఎన్నాళ్లకు కట్టాలో కూడా చెప్పాడు. చలికాలంలో ఏడు రోజులకు, మామూలు కాలంలో అయిదు రోజులకు, ఎండలు మండే కాలంలో మూడు రోజులకు. మన కర్నూలు ఎండలకు ఏది వర్తిస్తుందో మీరే చెప్పండి! ఎముక పక్కకు పోతుందని కట్టు ఇప్పకూడదన్న మాట మరి ఎక్కడినుంచి వచ్చిందో.

కట్టు ఏదైనా, వేసిన తర్వాత రెండు రోజులు ఇంటివాళ్లు కాపలా కాయాలి. పిల్లోడి వేళ్లు మీరు చాపితే గిలగిల్లాడుతున్నాడా? దెబ్బకు మించిన నొప్పి ఉందా, మందు వేసినా తగ్గడం లేదా? వెంటనే, అర్ధరాత్రయినా సరే, కట్టు కోయించాలి. నాడి కొట్టుకుంటోంది కదా అని ధైర్యం పడొద్దు. నాడి ఉండగానే లోపల కండ చావొచ్చు.

ఇంకొకటి. బాగా పక్కకు జరిగిన విరుపుకు ఇప్పుడు మత్తిచ్చి, ఎముకను సరిచేసి, చర్మం మీదనుంచే రెండు మూడు సన్నని తీగలు గుచ్చుతాం. మూడు నాలుగు వారాలకు లాగేస్తాం. కోత ఉండదు చాలామందికి. “పిల్లోడే కదా డాక్టర్, వంకరున్నా పెరిగేకొద్దీ సరవుతాది” అంటారు. సగం నిజం. ఈ ఎముక పొడవు పెరిగేది ఎక్కువగా పైకొన దగ్గర, వందలో ఎనభై వంతులు అక్కడే. అందుకే పిల్లల్లో భుజం దగ్గర విరిగి వంకరపోయినా ఏడాది రెండేళ్లలో ఆశ్చర్యంగా సరవుతుంది. మోచేతి దగ్గర పెరుగుదల తక్కువ. అక్కడ లోపలికి వాలిన వంకర అట్లే ఉండిపోతుంది. చెయ్యి చాపితే మోచెయ్యి బయటికి విల్లులా ఉబ్బి కనిపిస్తుంది. పని చేస్తుంది గానీ, ఆడపిల్ల అయితే పెళ్లిచూపుల నాడు ఇంట్లో వాళ్లకు గుర్తొస్తుంది, అప్పుడు తెస్తారు నా దగ్గరికి.

తీగలు తీశాక మోచెయ్యి బిగుసుకుని ఉంటుంది. అప్పుడు మొదలవుతుంది అసలు హింస. నూనె పోసి తోమడం, ఇసుక బకెట్ చేతికిచ్చి వేలాడదీయించడం. వద్దు. దయచేసి వద్దు. మోచెయ్యి చుట్టూ కండను బలవంతంగా లాగితే ఆ కండలోనే ఎముక లాంటిది పుట్టి కీలు ఇంకా బిగుసుకుపోతుంది. పిల్లోణ్ని వాడి మానాన వదిలేయండి. ఆడుకుంటాడు, అన్నం తింటాడు, కొన్ని నెలల్లో అదే వస్తుంది. పిల్లలకు ఆటకు మించిన ఫిజియోథెరపీ లేదు, ఆ మాట మీకు నేను చెప్పాలా?

మోటారు దగ్గర జారిన భుజం

కొంచెం నీళ్లు తాగుతాను. సరే, ఇప్పుడు నా తప్పు ఒకటి చెబుతాను. ఇతరుల తప్పులే చెబితే బాగుండదు కదా.

భుజం జారడం మీరు చూసే ఉంటారు. కబడ్డీలో ఎక్కువ. జారితే నూటికి తొంభై అయిదు సార్లు ముందుకే జారుతుంది. భుజం గుండ్రం పోయి, కొడవలి వంపు పోయి గోడ మూలలా పలకగా కనిపిస్తుంది. పిల్లోడు రెండో చేత్తో ఆ చేతిని పట్టుకుని వంగి వస్తాడు. మీరు లాగొద్దు. సినిమాల్లో ఒక్క గుంజు గుంజితే సరవుతుంది. ఇక్కడ గుంజితే ఇందాకటి మెడ విరగొచ్చు, టీకా మచ్చ దగ్గరి నరం తెగొచ్చు.

మిగిలిన కొద్దిమందికి వెనక్కి జారుతుంది. దానికి ప్రత్యేకమైన కారణాలు రెండు, ఫిట్స్, కరెంటు షాక్. ఒళ్లంతా ఒక్కసారిగా బిగుసుకున్నప్పుడు భుజాన్ని లోపలికి తిప్పే కండరాలు బలమైనవి కాబట్టి అవి గెలుస్తాయి, బంతిని వెనక్కి నెట్టేస్తాయి. ఫిట్స్ సరే, కరెంటు షాక్ మన జిల్లాల్లో ఎక్కడ? బోరు మోటారు స్టార్టర్ డబ్బా దగ్గర. రాత్రి కరెంటొచ్చిందని తడికాళ్లతో పోతారు.

నేను కొత్తగా పనిలో చేరిన రోజుల్లో అట్లాంటి రైతు ఒకాయన వచ్చాడు. షాక్ కొట్టి పడిపోయాడు, ప్రాణం దక్కింది. అందరం గుండె చూశాం, కాలిన చెయ్యి చూశాం. భుజం నొప్పి అంటే ఎదురుగా ఒక ఎక్స్‌రే తీయించాను. చూడ్డానికి బాగానే ఉంది. బెణికింది అని రాసి మాత్రలిచ్చి పంపాను. మూడు వారాలకు మా సీనియర్ దగ్గరికి వచ్చాడు. ఆయన ఒక్క పని చేశాడు. మోచెయ్యి ఒంటికి ఆనించి, అరచెయ్యి బయటికి తిప్పమన్నాడు. అంగుళం తిరగలేదు. పక్కనుంచి ఎక్స్‌రే తీస్తే బంతి వెనక్కి జారి ఉంది. చంకలో పిల్లను పెట్టుకుని ఊరంతా వెతికినట్టు, నొప్పి భుజంలో ఉంటే నేను ఒళ్లంతా చూశాను. అప్పటికి బంతి నొక్కుకుపోయి ఉండడంతో కోసి సరిచేయాల్సి వచ్చింది. అందుకే ఇప్పుడు షాక్ కొట్టినవాడు ఎవరొచ్చినా, ఫిట్స్ వచ్చినవాడు ఎవరొచ్చినా నా మొదటి మాట, అరచెయ్యి బయటికి తిప్పు నాయనా.

పెద్దవాళ్ల సంగతి త్వరగా చెప్పేస్తాను, మీ ఇళ్లలో అమ్మలుంటారు కాబట్టి. అరవై దాటిన ఆడవాళ్లు బాత్రూములో జారి పడితే సర్జికల్ నెక్ విరుగుతుంది. ఎముక పలచబడి ఉంటుంది. రెండు మూడు రోజులకు నలుపు నీలం మోచేతి దాకా, పక్కటెముకల దాకా దిగుతుంది. భయపడకండి, లోపల కారిన నెత్తురు కిందికి దిగడమే అది. ఎక్కువమందికి ముక్కలు పెద్దగా జరగవు, ఆపరేషన్ అక్కర్లేదు. జరిగినవాళ్లకు కూడా ఆపరేషన్ చేస్తే ఎక్కువ లాభమా అని బ్రిటన్‌లో పెద్ద పరిశీలన చేశారు, 2015లో ఫలితాలు వచ్చాయి. రెండేళ్ల తర్వాత చూస్తే ఆపరేషన్ చేసినవాళ్లకూ మెడకు జోలె వేసుకుని ఊరుకున్నవాళ్లకూ తేడా కనిపించలేదు. అందరికీ ఇదే అని కాదు, బంతే పగిలిపోతే కథ వేరు.

ఆపరేషన్ లేదు కదా అని నెలల తరబడి జోలెలో ఉంచితే భుజం బిగుసుకుపోతుంది. కొప్పు ముడవలేరు, రవిక వేసుకోలేరు. రెండు వారాలు దాటాక డాక్టరు సరే అంటే, నడుము వంచి చెయ్యి వేలాడేసి బావిలో చేద ఊగినట్టు మెల్లిగా ఊపాలి. తర్వాత గోడ మీద వేళ్లను బల్లి పాకినట్టు పైకి పాకించాలి. రోజూ ఎంతవరకు పోయిందో పెన్సిలుతో గీత పెట్టమనండి. గీత పైకి పోతుంటే వాళ్లకే హుషారు. పడుకునేటప్పుడు వెల్లకిలా వద్దు, మూడు దిండ్లు పెట్టుకుని వాలి కూర్చున్నట్టు పడుకుంటే నొప్పి సగం తగ్గుతుంది. ఈ చిన్న సంగతి చెప్పనందుకు నన్ను మా అమ్మే తిట్టింది.

ఇంకొక్కటి, బస్సు కిటికీలోంచి మోచెయ్యి బయట పెట్టొద్దని రాసి ఉంటుంది. ఎదురుగా వచ్చే లారీ రాసుకుంటూ పోతే మోచెయ్యి దగ్గర ఈ తెడ్డు నుజ్జునుజ్జవుతుంది. టూర్లకు పిల్లల్ని తీసుకుపోయేది మీరే కదా.

ఇక చేసి చూపిస్తాను. అట్టపెట్టె ముక్క ఒకటి తెచ్చాను, దినపత్రిక మందంగా మడిచినా చాలు. తువ్వాలు ఎవరి దగ్గరుంది? మోచెయ్యి ఏ వంపులో ఉంటే ఆ వంపులోనే కట్టాలి, చాపించకూడదు, పూర్తిగా మడవకూడదు. వేళ్ల కొనలు బయట కనిపించాలి, కప్పేశారంటే ఇంతసేపు నేను మాట్లాడినదంతా వృథా. 108 వచ్చేలోపు నీళ్లు, టీ, ఇడ్లీ పెట్టకండి, పాపం అని బిస్కెట్ కూడా వద్దు. కడుపు నిండి ఉంటే మత్తివ్వడానికి ఆరు గంటలు ఆగాల్సి వస్తుంది, ఆ ఆరు గంటలు దేనికి పనికొస్తాయో ఇందాకే చెప్పాను.

ఎవరైనా ఒకరు రండి. మీరే రండి సార్, మీరే పేషెంటు. ముందు ఆ గడియారం తీసేయండి. ఉంగరం కూడా, వాపొస్తే కోయాల్సి వస్తుంది. చొక్కా చెయ్యి పైకి మడవండి. అదుగో, చెప్పానా, తాయెత్తు! దారం ఇంత బిగుతుగా ఉంది. తీయకూడదా? మొక్కుబడి ఉందా? సరే, తీయొద్దు, ఆ చేతినుంచి ఈ చేతికి మార్చి కట్టుకోండి. బాగున్న చేతికి. ఆ, ఇప్పుడు అట్ట ఇటివ్వండి.